చలనచిత్ర దర్శకుడు విక్టర్ షోస్ట్రోము

పూర్వము స్వీడను దేశమున దిక్కులేని బిడ్డలను పాట పెట్టు ఆచారమొకటి యుండెను. మన యూళ్లలో చెఱువు చేపలకును, చింతతోపులకును పాటలు జరుగుట మనమెఱుగుదుము. ఎవడు ఎక్కువకు పాడిన వానికి కొట్టివేయుదురు. అచ్చటి పాట దీనికి తలక్రిందులు. తండ్రి గతించి, తల్లి పోషింపజాలని బిడ్డను గ్రామపెద్దల యెదుట నిలిపి, ఏడాదికెంత యిచ్చిన వీనికి కూడుగుడ్డలిచ్చి సాకెదరని యడుగుదురు. ఎవడు అందఱికంటె తక్కువ సొమ్మునకు ఒప్పుకొనునో వాని యింటికి ఆ బిడ్డ పోవలెను. తక్కువకు పాడినవాడు ఆ తక్కువలోనే కొంత మిగుల్చుకొనజూచును గదా! ఆ మిగులు బిడ్డ కడుపునుండియు, బిడ్డ రెక్కలనుండియు రావలసినదే.

ఈ యాచారమును 1918వ సంవత్సరపు శాసనము నిషేధించినది. అంతకు అయిదేండ్లకు ముందు, 1913 నవంబరులో, ఒక మూగచిత్రము ఆ దేశపు ప్రజలయెదుట ఒక బీద విధవరాలిని, ఆమె బిడ్డలను తెచ్చి నిలిపెను. అంతవరకు చలనచిత్రమనగా తిరునాళ్లలోని గారడివంటిదని తలచిన పెద్దలు పత్రికలలో దానినిగూర్చి వాదోపవాదములకు దిగిరి. ఆ చిత్రము పేరు ‘ఇంగెబోర్గ్ హోల్మ్’. దానిని తీసినవాడు విక్టర్ షోస్ట్రోము.

ఆయన 1879వ సంవత్సరము సెప్టెంబరు 20వ తేదీన, స్వీడను పడమటి భాగమునందలి వెర్మ్లండు సీమలో, సిల్బోడాలు అను పల్లెలో జన్మించెను. తండ్రి వ్యాపారి. తల్లి వివాహమునకు పూర్వము రంగస్థలమున నటించిన స్త్రీ. ఆ కాలమున స్వీడనునుండి వేలకొలది కుటుంబములు అమెరికాకు వలసపోవుచుండెను. షోస్ట్రోము తండ్రియు 1880లో సంసారముతో ఓడయెక్కి న్యూయార్కు చేరెను. బాలునకు ఏడేండ్లు నిండిన కాలముననే తల్లి కన్నుమూసెను. తండ్రి మరల పెండ్లియాడెను. ఆయన మిక్కిలి దైవభక్తి గలవాడు, అంతకంటె మిక్కిలి కఠినుడు. కొంతకాలమునకు బాలుని స్వదేశమునకు పంపివేయగా, ఉప్సాలా నగరమున బంధువులయింట పెరిగెను. తల్లిలేని బిడ్డ పరాయి కంచమున తిను అన్నపు రుచి యెట్టిదో ఆయనకు ఒకరు చెప్పవలసిన పనిలేదు. ఆయన చిత్రములను వరుసగా చూచినవారు అందు తల్లిని బాసిన బిడ్డలును, బిడ్డలను బాసిన తల్లులును మాటిమాటికి వచ్చుటను గమనింపకపోరు.

మేనమామ స్వీడను రాజధానియందలి రాజనాటకశాలలో నటుడు. మేనల్లునకు ఆ వాసన పట్టినది. పదునేడేండ్ల ప్రాయముననే ఒక నాటకసమాజమున చేరి, ఊరూర తిరుగుచు ఫిన్లండులోను స్వీడనులోను నటించెను. పదునైదేండ్లు ఆ జీవితమే. తుదకు మాల్మో నగరమున మిత్రునితో కలసి స్వయముగ ఒక సమాజమును నడపు స్థితికి వచ్చెను.

1912లో చార్లెస్ మాగ్నుసన్ అను చిత్రనిర్మాత ఆయనను పిలిచెను. మాగ్నుసన్ స్టాకుహోముప్రక్కనున్న లీడింగో ద్వీపమున చిత్రశాలను కట్టించి, నాటకరంగమునుండి సమర్థులను వెదకుచుండెను. ఆ యేడే మారిట్స్ స్టిల్లరు అను మఱియొక దర్శకుడును అచ్చట చేరెను. వీరిరువురు ఒకరి చిత్రములలో నొకరు నటించుచు, ఒకరి కథల నొకరు తీయుచు, ఛాయాగ్రాహకుడు యూలియస్ యేన్సన్ తోడుగా, పదేండ్లలో స్వీడను చిత్రములకు లోకమున పేరు తెచ్చిరి. నాటకములాడువారు సినిమాలో చేరుట పరువుతక్కువ యని తలపబడిన దినములవి. షోస్ట్రోము ఆ మాటను లెక్కచేయలేదు.

కాని తొలి యడుగే తడబడెను. ఆయన దర్శకత్వము వహించిన మొదటి చిత్రము ‘తోటమాలి’. స్టిల్లరు వ్రాసిన కథ యది. తన కుమారుడు ప్రేమించిన పేదపిల్లను తోటయజమాని చెఱచి, ఆమెను, ఆమె తండ్రిని ఇల్లు వెడలగొట్టును. ఆ పిల్ల లోకమున పడరాని పాట్లు పడి, తిరిగివచ్చి, ఆ పూలయింటనే ప్రాణము విడుచును. ఆ దుర్మార్గుని వేషము షోస్ట్రోమే వేసెను. స్వీడనులో చలనచిత్రములకు సెన్సారు కార్యాలయము 1911లో ఏర్పడియుండెను. ఆ కార్యాలయమువారు ఈ చిత్రమును స్వదేశమున ప్రదర్శింపరాదని నిషేధించిరి. స్వీడనుదేశపు చిత్రములలో అట్లు నిషేధింపబడినది ఇదియే మొదటిది. ఒక బీదపిల్లకు జరిగిన యన్యాయమును చూపుట నీతికి భంగమని వారికి తోచినది కాబోలు!

ఆ మఱుసటి యేడే ‘ఇంగెబోర్గ్ హోల్మ్’ వచ్చినది. దానికి మూలము నిల్స్ క్రూక్ వ్రాసిన నాటకము. క్రూక్ హెల్సింగ్‌బోర్గు నగరమున బీదల సంరక్షణకు సంబంధించిన పనిలో నుండినవాడు. అచ్చట తన కన్నులయెదుట జరిగిన సంగతినే నాటకముగ మలచెను. కనుక ఈ కథకు పునాది కల్పన గాదు.

స్వెన్ హోల్మ్ అను గృహస్థునకు భార్య ఇంగెబోర్గు, ముగ్గురు బిడ్డలు. అప్పు దొరకుటచే చిన్న అంగడి పెట్టుకొను అదృష్టము పట్టును. ఇంటిల్లిపాది సంతోషమున నున్నంతలో, హోల్మ్ క్షయవ్యాధిచే మరణించును. భార్య తానే అంగడి నడుపబూనును. గుమాస్తా మోసగాడు. సరకు పోవును, సొమ్ము పోవును, అప్పులవారు వాకిట నిలుతురు. ఆమెకు కడుపులో పుండు. గత్యంతరము లేక బీదల సంరక్షణ సంఘమువారిని ఆశ్రయించును. వారు ఆమెను పేదల శాలకు చేర్చి, బిడ్డలను ముగ్గురిని వేర్వేఱు ఇండ్లకు పంపివేయుదురు.

పేదల శాల యనగా మన యన్నసత్రమువంటి దని పాఠకులు తలపరాదు. మన సత్రమున బాటసారి రాత్రి తలదాచుకొని తెల్లవాఱగనే తన త్రోవను తాను పోవును. అచ్చట చేరినవారిపై ఆ శాల యధికారికి, ఇంటి యజమానికి సేవకునిపైనుండునట్టి యధికారముండెను. 1871వ సంవత్సరపు శాసనము ఆ హక్కు నిచ్చినది. ఇంగెబోర్గునకు కూతురు జబ్బుపడినదని తెలియును. పోయి చూచుటకు సొమ్ములేదు, సెలవు దొరకదు. ఒకరాత్రి దొంగవలె పాఱిపోయి, పోలీసులకు దాగుచు, పొలములబడి నడచి కూతురును చూచును. పట్టుకొని మరల శాలకు తెత్తురు. కొంతకాలమునకు కడగొట్టు బిడ్డను తల్లికి చూపుటకై పెంపుడువారు తీసికొనివత్తురు. ఆ బిడ్డ తల్లిని గుర్తింపడు. తల్లి ఒక గుడ్డతో బొమ్మకట్టి ఆడింపజూచును. బిడ్డ బెదరి యేడ్చి, పెంచినతల్లి మెడను కౌగిలించుకొనును. అంతటితో ఇంగెబోర్గు మతి చలించును. ఒక కొయ్యపలకను బిడ్డవలె ఒడిలో నుంచుకొని జోకొట్టుచు ఏండ్లకేండ్లు గడపును. ఓడపనిలో చేరి పెద్దవాడైన జ్యేష్ఠపుత్రుడు తుదకు వచ్చి, ఆమె వయసులోనుండిన నాటి పటమును చూపగా, తెలివి వచ్చి కుమారుని గుర్తించును.

కథ విన్నంతమాత్రమున ఇది గుండెలు బాదుకొను చిత్రమని తోచవచ్చును. చూచినవారి కట్లుండదు. ఇంగెబోర్గు పాత్ర ధరించిన హిల్డా బోర్గ్‌స్ట్రోము పేరుపొందిన రంగస్థలనటి. ఆ కాలపు మూగచిత్రములలో నటులు చేతులు విసరి, కన్నులు పెద్దవిచేసి, దుఃఖమును బొమ్మకట్టి చూపెడివారు. ఈమెచే షోస్ట్రోము అట్లు చేయింపలేదు. బిడ్డలను పంపివేయు ఘట్టమున ఆమె ప్రేక్షకులకు వీపు త్రిప్పి నిలుచును. ముఖము కానరాదు. బల్లవద్ద అధికారి తన కాగితములతో నుండును. ఆ యొక్క గదిలో, కెమెరా కదలక యుండగా, ఒక సంసారము ముక్కలగును. ఏడ్చువానిని చూపి మనల నేడిపించుట తేలిక. ఏడ్పు కనబడకుండ ఏడిపించుట అందఱికి చేతనగు పనిగాదు. అందును అది 1913! చిత్రకళ పుట్టి ఇరువదియేండ్లయినను నిండలేదు.

చిత్రము ప్రదర్శింపబడగనే బీదల సంరక్షణకు సంబంధించిన అధికారులు కొందఱు ఇది యున్నదానికి మించి చూపినదని ఆక్షేపించిరి. కాదు, ఉన్నదే చూపినదని మఱికొందఱు వాదించిరి. పత్రికలు ఆ వాదములతో నిండెను. ఈ యొక్క చిత్రము చూచి స్వీడను ప్రభుత్వము శాసనమును మార్చినదని కొందఱు వ్రాయుదురు. అది పూర్తిగ నిజమని చెప్పజాలము. పాతశాసనమును పరిశీలించుటకై 1907లోనే ఒక సంఘము నియమింపబడియుండెను. సంస్కర్తలు అంతకు ముందునుండియు పాటుపడుచుండిరి. అయినను, సంఘముల నివేదికలు చదువువారెందఱు? కొట్టులో పనిచేయువాడు, కూలివాడు, ఇంటి యిల్లాలు తమ యిరుగుపొరుగున జరుగుచున్నదానిని తెరపై చూచి కలతపడుట వేఱు. 1918వ సంవత్సరపు నూతన శాసనము బిడ్డల పాటలను, దిక్కులేనివారిని వంతులవారీగ ఇల్లిల్లు త్రిప్పి పోషించు పద్ధతిని నిషేధించెను. ఆ మార్పునకు ప్రజల మనస్సులను సిద్ధముచేసినవానిలో ఈ చిత్రమునకు చోటున్నదని మాత్రము సందేహింపనక్కఱలేదు.

1914లో షోస్ట్రోము ‘సమ్మె’ యను చిత్రమును తీసెను. అది నేడు దొరకదు. 1912కును 1916కును నడుమ ఆయన తీసినవి ముప్పదికి దగ్గఱగనుండగా, మిగిలినవి వ్రేళ్లపై లెక్కింపదగినవి. 1941లో ఆ చిత్రసంస్థవారి నిలువగది ప్రేలి మంటలలో అనేక చిత్రముల మూలప్రతులు బూడిదయ్యెను. తాళపత్రగ్రంథములు చెదలపాలగుటను చూచిన మనకు ఆ నష్టమెట్టిదో తెలియును.

1916 వేసవిలో ఆయన సైకిలుపై తన పుట్టినయూరి ప్రాంతమునకు పోయెను. అచ్చటినుండి నార్వే సముద్రతీరమునకును పోయి, ఇబ్సెను మహాకవి కావ్యమునకు నెలవైన ఆ రాళ్లను, ఆ కెరటములను స్వయముగ చూచివచ్చెను. ఆ ప్రయాణఫలమే 1917 జనవరిలో వెలువడిన ‘టెర్యె వీగెన్’. నెపోలియను యుద్ధముల కాలమున ఇంగ్లీషు నౌకలు నార్వే తీరమును దిగ్బంధించి ధాన్యము రానీయకుండ చేయగా, ఒక నావికుడు ఆకలిగొన్న భార్యకును పసిబిడ్డకును యవలు తెచ్చుటకై చిన్నపడవలో డెన్మార్కువఱకు తెడ్డువేసికొని పోవును. తిరిగివచ్చునపుడు పట్టువడును. చెఱనుండి విడుదలయై వచ్చునప్పటికి భార్యయు బిడ్డయు గోరీలలో నుందురు. ఏండ్లు గడచిన పిదప తన్ను పట్టుకొన్న ఆ యింగ్లీషు అధికారియే భార్యాబిడ్డలతో తుపానులో చిక్కి, ఇతని చేతిలో పడును. పగతీర్చుకొన చేయెత్తినవాడు ఆ పసిబిడ్డను చూచి మనస్సు మార్చుకొనును. వీగెన్ వేషము షోస్ట్రోముదే. ఈ చిత్రమునకైన సుమారు 60,000 క్రోనర్ల వ్యయము అంతవఱకు స్వీడనులో ఏ చిత్రమునకును కాలేదు. ఆ సమయమున మొదటి ప్రపంచయుద్ధము జరుగుచుండెను. స్వీడను యుద్ధమున దిగకున్నను, సముద్రమార్గములు మూతపడుటచే ఆహారము కఱవై, 1917లో అనేక పట్టణములలో ఆకలి అల్లరులు జరిగెను. నూఱేండ్లనాటి కథ ప్రేక్షకులకు నాటి దినపత్రికవలె తోచియుండవలెను.

ఆ చిత్రము విజయమొందిన పిమ్మట సంస్థవారు తక్కువ చిత్రములు, శ్రద్ధతో తీయుటకు నిశ్చయించిరి. 1918 మొదటిదినమున వెలువడిన ‘బెర్గ్ ఐవిండ్, అతని భార్య’ యను చిత్రమున కథానాయకుడు ఆకలితో మాడు కుటుంబముకొఱకు ఒక గొఱ్ఱెను దొంగిలించి, ఆ యపరాధమునకు జీవితమంతయు కొండలలో దాగవలసివచ్చును. అంతకుముందు మతాచార్యుని యాచించియు పిడికెడు సాయము పొందలేనివాడతడు. కథానాయిక వేషము వేసిన ఎడిత్ ఎరాస్టోఫ్ పిదప షోస్ట్రోమునకు అర్ధాంగి యయ్యెను.

గ్రంథాలయ పాఠకులకు ప్రీతికరమైన సంగతి యొకటి చెప్పవలెను. 1909లో నోబెలు బహుమానము నందిన సెల్మా లాగర్లోఫ్ నవలలలో పెక్కింటిని షోస్ట్రోము చిత్రములుగ తీసెను. సాహిత్యమున ఆ బహుమానమును పొందిన మొదటి స్త్రీ ఆమె. ఆమెదియు వెర్మ్లండు సీమయే. 1917లో తీసిన ‘చిత్తడినేల గుడిసెలోని పిల్ల’ యందు, పనిచేయుచున్న యింటి యజమానివలన బిడ్డను కన్న హెల్గా యను బీదపిల్ల న్యాయస్థానమున దావా వేయును. యజమాని బిడ్డ తనది కాదని వేదపుస్తకముపై ప్రమాణము చేయబోవును. వాడు అబద్ధప్రమాణము చేసి పాపమున పడునేమో యని ఆ పిల్లయే ముందుకు దుమికి దావాను మానుకొనును. ఊరంతయు చెడిపోయినదని వెలివేసిన పిల్లకు ఉన్న ధర్మభయము పెద్దమనిషికి లేకపోయెను.

లాగర్లోఫ్ నవలలనుండి తీసినవానిలో మిక్కిలి ప్రసిద్ధమైనది ‘మృత్యుశకటము’. క్షయవ్యాధి నివారణ సంఘమువారు ఆమెను ఆ వ్యాధినిగూర్చి ప్రజలకు తెలియునట్లు ఏదైన వ్రాయుమని కోరగా, ఆమె కరపత్రమునకు మాఱుగ 1912లో ఈ నవల వ్రాసెను. సంవత్సరాంతపు రాత్రి పండ్రెండు గంటలు కొట్టునప్పటికి తుదిగ చచ్చినవాడు, మఱుసటి యేడంతయు మృత్యువు బండిని తోలవలెనని ఒక జనశ్రుతి. డేవిడ్ హోల్మ్ అను త్రాగుబోతు ఆ రాత్రి శ్మశానమున పడి, తన బ్రదుకంతయు తిరిగి చూచుకొనును. త్రాగుడుచే భార్యాబిడ్డలను బాధించినవాడు, తన రోగమును దాపరికములేక ఇతరులకు అంటించినవాడు. వాని చినిగిన కోటును రాత్రంతయు కూర్చుండి కుట్టిన ముక్తిసైన్యపు సోదరియే ఆ వ్యాధికి బలియై మృత్యుశయ్యపై నుండును. షోస్ట్రోము తాను సిద్ధముచేసిన చిత్రకథను చేతబట్టుకొని మోర్‌బాకాలోని రచయిత్రి యింటికి పోయి, రెండుగంటలసేపు ఆమెకు చదివి వినిపించెనట. ఆమె మంచిచెడ్డలు చెప్పక భోజనమునకు లెమ్మనెను. అదియే అంగీకారమని ఆయన గ్రహించెను. 1921 మొదటిదినమున ఈ చిత్రము వెలువడెను. ఒకే పటముపై రెండుమూడు మాఱులు, కొన్నిచోట్ల నాలుగుమాఱులు బొమ్మపట్టి, ఆవలివస్తువు కనబడునట్టి నీడమనుష్యులను యేన్సన్ సృష్టించెను. తలుపును గొడ్డలితో నఱుకు త్రాగుబోతుగ షోస్ట్రోము నటించిన ఘట్టము నేటికిని చూచువారిని వణకించును.

ఈ ఖ్యాతి సముద్రములు దాటగా 1923లో ఆయన హాలీవుడ్డుచే పిలువబడెను. ఆ నేలనుండి బాల్యమున వెడలినవాడు నలువదినాలుగవ యేట పేరుమోసిన దర్శకుడై మరల చేరెను. అమెరికనులకు నోరుతిరుగుటకై పేరు సీస్ట్రోము గా మార్చిరి. 1924లో ‘చెంపదెబ్బలు తినువాడు’, 1926లో ‘అరుణాక్షరము’, 1928లో ‘గాలి’ తీసెను. తుదిరెండింటను లిలియన్ గిష్ నాయిక. ‘అరుణాక్షరము’ పెండ్లికాక బిడ్డనుకన్న స్త్రీని రొమ్మున అక్షరము కుట్టించి వీథిని నిలిపిన సమాజము కథ. హెల్గాను తెరకెక్కించిన దర్శకునకు అది క్రొత్తకథ గాదు. ‘గాలి’ చిత్రమును మోజావి యెడారిలో, ఎనిమిది విమానముల పంకాలతో ఇసుకను రేపి తీసిరి. ఎండ భరింపరానిది. శబ్దచిత్రములు వచ్చుచున్న సమయమున విడుదలయగుటచే మూగచిత్రమైన దానిని ఆదరించినవారు లేరైరి. నేడు దానిని మూగచిత్రములలో మేలైనవానిలో నొకటిగ నెంచుచున్నారు. తక్కిన అమెరికా చిత్రములను గూర్చి విస్తరింపనక్కఱలేదు. అచ్చట కథ యెన్నుకొను స్వేచ్ఛ దర్శకునిది కాదు.

1930లో స్వదేశమునకు మరలెను. ఆ తరువాత తీసినవి రెండుమూడు మాత్రమే. 1937లో ఇంగ్లండున తీసినదే తుదిచిత్రము. అటుపిమ్మట నటుడుగనే యుండెను. 1945లో భార్య గతించెను. 1943 మొదలు 1949 వఱకు స్వీడను చిత్రసంస్థలో కళాసలహాదారు పదవిని నిర్వహించెను. ఆ దినములలో ఇరువదియేడేండ్ల యువకుడొకడు తన మొదటి చిత్రము తీయుచు, అందఱితో కలహించి, పనిని చెడగొట్టుకొనుచుండెను. వృద్ధుడైన షోస్ట్రోము ఆ యువకుని మెడపట్టుకొని చిత్రశాల ముంగిట అటునిటు నడిపించుచు, దృశ్యములను చిక్కుపఱుపవలదనియు, నటులతో జగడమాడవలదనియు, సరళముగ తీయుమనియు బోధించెడివాడట. ఆ యువకుడే ఇంగ్మార్ బెర్గ్‌మన్. ‘మృత్యుశకటము’ను తాను ఏటేట చూచుచుందునని ఆయన తరువాత చెప్పుకొనెను.

1957లో ఆ శిష్యుడే ‘అడవి స్ట్రాబెర్రీలు’ అను చిత్రమున నాయకపాత్రకు గురువును పిలిచెను. షోస్ట్రోమునకు 78వ యేడు నడుచుచుండెను. ఆరోగ్యము చాలదు. సంభాషణలు జ్ఞప్తికి రాక తనపై తాను విసుగుకొనెడివాడు. సాయంకాలము అయిదుంబావునకు ఇంటికి పంపవలెనన్న నియమముపై పనిచేసెను. గౌరవపట్టము పుచ్చుకొనుటకు దూరప్రయాణము చేయు ముసలివైద్యుడు, దారిపొడవున తాను ప్రేమింపనివారిని, తన్ను ప్రేమించినవారిని తలచుకొనుటయే ఆ కథ. తుదిఘట్టమున ఆ వృద్ధునకు నీటికావలియొడ్డున తల్లిదండ్రులు కూర్చుండియున్నట్లు కనబడును. పొద్దువాలినను ఇంటికి పోనీయలేదని ఆనాడు ఆయన చిఱచిఱలాడుచుండెనట. కెమెరా తిరుగగనే ఆ ముఖము పసిబిడ్డ ముఖమువలె తేటపడినది. ఏడేండ్లకే తల్లిని పోగొట్టుకొన్నవాడని తెలిసిన మనకు ఆ దృశ్యము నటనగ తోచదు. 1958లో బెర్లిను చిత్రోత్సవమున ఆ చిత్రమునకు స్వర్ణభల్లూకము లభించెను.

1960 జనవరి 3వ తేదీన, స్టాకుహోమున, ఎనుబదవయేట షోస్ట్రోము కాలధర్మము చెందెను.

ఆయన మరణించిన యిరువదియేండ్లకు, నశించినదనుకొన్న ‘తోటమాలి’ ప్రతి యొకటి వాషింగ్టను నగరమునందలి కాంగ్రెసు గ్రంథాలయమున బయటపడెను. గ్రంథాలయమువారు దానిని పారవేయక పదిలపఱచియుండుటచే, స్వదేశమున నిషేధింపబడిన చిత్రము సుమారు డెబ్బదియేండ్లకు స్వదేశమునకు చేరి ప్రదర్శింపబడెను. దానిని నిషేధించిన సెన్సారు కార్యాలయము 2010వ సంవత్సరాంతమున మూతపడినది. ఆ చిత్రములో ముప్పదిరెండేండ్ల షోస్ట్రోము, కఠినమైన తోటయజమాని వేషమున, అద్దాలయింట గులాబిమొక్కల నడుమ నడచుచు కనబడును.